చెయ్యి వదిలిందెవరు?

వద్దండీ పాస్టరయ్యగారూ, కూర్చోను. నిలబడే అడుగుతా. మొన్న ఆదివారం ప్రసంగంలో చెప్పారే, బానిసని వదిలిపెట్టడానికి రోమా వాళ్ల మాట... మాన్యుమిషనో ఏదో. ఇంకోసారి చెప్పండి. నాకు నోరు తిరగట్లా.

అర్థం మాత్రం గుర్తుందండోయ్! మాన్యు అంటే చెయ్యి. మిషన్ అంటే మన మిషను కాంపౌండు అనుకున్నా ముందు. కాదు, పంపెయ్యడమన్నారు. యజమాని బానిసని చేత్తో పట్టుకుని, ఒక చుట్టు తిప్పి వదిలేస్తాడంట. ఇక వాడు స్వతంత్రుడంట. "రేపు రత్తయ్యగారు మన ఏలీయాకి చేసేది అదే" అన్నారు నన్ను చూపించి, గుడి నిండా జనం ఉండగా. మా ఇంటిది ఆరోగ్యమ్మ సంతోషం పట్టలేక ఏడ్చేసిందండీ.

నాకప్పుడే కొంచెం గుచ్చుకుంది. మనలో చెయ్యి వదిలేశాడంటే ఏంటి? నట్టేట్లో ముంచాడనేగా! పోన్లే, రోమా వాళ్లకి వేరేమో అనుకున్నా.

మర్నాడు రత్తయ్యగారి అరుగు దగ్గర వేలిముద్ర వేశా. పాలేరుతనం నించి విడుదల కాయితమని చదివి చెప్పింది మీరే.

ముప్పై ఏళ్లు ఆయన దగ్గర పాలేరునండీ. మునేటి ఒడ్డున ఆయన రెండెకరాలు పన్నెండేళ్లుగా కౌలుకి దున్నుతోంది నేనా కాదా? ఇయ్యాల అరక తోలుకుపోతే, ఆయన అల్లుడు గట్టు మీద నిలబడి, "ఇంకెక్కడి పొలంరా, రాసిచ్చావుగా" అన్నాడు.

నందిగామ తాలూకా ఆఫీసుకి పరిగెత్తా. గుమాస్తా నకలు తీసి చదివాడు. పాలేరుతనం ఊసే లేదండీ అందులో! "నేను కౌలుకు చేస్తున్న భూమిని నా ఇష్టపూర్తిగా వదులుకుంటున్నాను" అనుంది. దున్నేవాణ్ణి ఊరికే తీసెయ్యకూడదని చట్టం వచ్చిందంట. అందుకనంట.

అయితే చెయ్యి వదిలింది ఆయన కాదు, నేనన్నమాట!

రత్తయ్యగారి మీద కోపం లేదండీ. ఆయన కామందు, ఆయన పొలం ఆయన చూసుకున్నాడు. మీరో? మా పేటలో పుట్టి, మా అమ్మ పోసిన గంజి తాగి చదువుకున్నారు. గుడి మీదకి కొత్త రేకులు ఎవరిచ్చారో ఇప్పుడు తెలిసింది. తల దించుకోకండి, ఇటు చూడండి.

ఒక సంగతి చెప్పనా? విడుదలన్న ఒక్క మాటకి అంత పొడుగు కాయితమెందుకా అని నాకూ అనిపించింది. నోటిదాకా వచ్చింది. ఈలోగా మీరు నా చెయ్యి పట్టుకున్నారు. వేలికి సిరా పూసి మెల్లగా ఒత్తించారు.

ఇక అడగబుద్ధి కాలా. ముప్పై ఏళ్లలో ఆ అరుగు దగ్గర నన్ను ముట్టుకున్న మనిషి మీరొక్కరేనండీ.