బస్సు వెనక అరవై

"ఆ కొండకి చుట్టూ రెయిలింగు ఉందా బాబూ?"

(సింగపూర్‌, బెడోక్‌లో మా వంటిల్లు, సాయంత్రం అయిదు గంటలు. వీడియో కాల్లో, ఆస్ట్రియా మంచుకొండ మీదనుంచి, మా అమ్మాయి కీర్తికకు స్కీ పందేలు నేర్పే కోచ్ సురేన్. ఇక్కడ పెరిగిన పిల్లలకి మాటల మధ్య ఊరికే 'లా' తగిలించడం అలవాటు.)

"రెయిలింగ్ ఎందుకుంటుంది ఆంటీ? పందెం లా ఇది. పక్కన వల కట్టారు."

"వలా? అంటే పడతారని వాళ్ళకి ముందే తెలుసన్నమాట."

"ఆంటీ, కొంచెం నా మాట వినండి. కీర్తిక నంబరు ఎనభై నాలుగు. ఇప్పుడు డెబ్బై రెండో అమ్మాయి దిగుతోంది. మనకి ఉన్నది ఎనిమిది నిమిషాలు. మిమ్మల్ని ఒకటి అడగాలి."

"అడుగు నాయనా. అది మేజోళ్ళు రెండు జతలు వేసుకుందా?"

"వేసుకుంది."

"చెవులు?"

"రెండూ ఉన్నాయి."

"కప్పుకుందా అని!"

"హెల్మెట్ ఉంది ఆంటీ. వినండి. ఈ సీజన్లో ఏడు రేసులు అయ్యాయి. ఇది ఎనిమిదోది, ఆఖరుది. ఏడింట్లోనూ కీర్తిక నాలుగో గేటు దగ్గర పక్కకి తప్పుకుని ఆగిపోయింది. పడలేదు, ఎవరికీ తగల్లేదు. చక్కగా బస్సు దిగినట్టు దిగిపోయింది."

"బస్సు సంగతి ఎందుకు బాబూ ఇప్పుడు?"

"ఊరికే అన్నాను."

"గేటంటే తలుపులుంటాయా?"

"జెండా కట్టిన కర్రలు ఆంటీ. వాటి మధ్యనుంచి మలుపులు తిరుగుతూ కిందికి రావాలి. నలభై పైనే ఉంటాయి. మన పిల్ల నాలుగుతో సరి."

"ఏడుసార్లూ క్షేమంగా వచ్చింది. ఏడుసార్లూ పరమాన్నం చేశాను."

"'పూర్తి చేయలేదు' అని రాస్తారు ఆంటీ, పేరు పక్కన."

"రాసుకోనీ."

"కళ్ళ డాక్టరుకి చూపించాను. స్కీలు మార్చాను. మనసు డాక్టరు గంటసేపు మాట్లాడి, చిన్నప్పుడు నాలుగనే అంకెతో ఏదో భయం పట్టుకుంది అన్నాడు."

"అదే అయ్యుంటుంది! మా పక్క ఫ్లాటు లిమ్ ఆంటీ కూడా అంటుంది, నాలుగు మంచి అంకె కాదట. మూడు నించి అయిదుకి పోవచ్చుగా?"

"ఒక్కటి వదిలినా అవుటే. సరే, ఇంకోటి. స్కీల అడుగున పసుపు ఎవరు రాశారు?"

"పసుపా?"

"మూడో రేసులో తను వెళ్ళినంత మేరా మంచు పచ్చగా అయింది. అక్కడి అధికారి నన్ను పక్కకి పిలిచి, ఇక్కడ ఎవరు ఏం చేశారు అని అడిగాడు. ఎంత మలు, ఎంత సిగ్గు ఆంటీ నాకు! తలెత్తుకోలేకపోయాను."

"చిటికెడే రాశాను. కొత్త బండికి రాయమా ఏం?"

"పసుపు రాస్తే జారదు ఆంటీ."

"జారకూడదనే రాశాను బాబూ."

"డెబ్బై ఆరు దిగింది. ఆంటీ, ఇవాళ కూడా కిందదాకా రాకపోతే వచ్చే ఏడాది తను టీములో ఉండదు. ఉత్తరం వచ్చేసింది. పొద్దున లిఫ్టులో పైకి వస్తూ ఏడ్చింది."

"ఏడ్చిందా? నాతో మాట్లాడినప్పుడు నవ్విందే."

"మీతో అలాగే నవ్వుతుంది. నిన్న భోజనాల దగ్గర నోరు జారి 'ఒట్టు' అంది. ఏంటా ఒట్టు?"

"పొయ్యి మీద పాలున్నాయి, చూసొస్తాను."

"ఆంటీ! వీడియో కాల్ లా ఇది. మీ వెనకాల పొయ్యి కనపడుతోంది. ఖాళీగా ఉంది."

"...చిన్న ఒట్టే బాబూ."

"ఎంత చిన్నది?"

"ఎయిర్‌పోర్టులో నా నెత్తి మీద చెయ్యి పెట్టించి వేయించుకున్నాను. మా బ్లాకు ముందు తిరిగే బస్సు కంటే వేగంగా పోనని. అంతే."

"బస్సా?"

"దాని వెనకాల గుండ్రంగా రాసుంటుంది కదా, అరవై అని. మనుషులకి ఎంత వేగం మంచిదో గవర్నమెంటు వాళ్ళు ఆలోచించి పెట్టింది. అందులో కూర్చోడానికి సీట్లు కూడా ఉంటాయి. ఇదేమో నించుని పోతుంది, పట్టుకోడానికి కడ్డీ అయినా లేదు!"

"అలమాక్! నాలుగో గేటు దగ్గరే అరవై దాటుతుంది ఆంటీ! ఏడు రేసులు! నేను మనసు డాక్టరు దగ్గరికి తీసుకెళ్ళాను!"

"అది దాటితే నా తలకేమవుతుందోనని నా బంగారం ఆగిపోయింది. చూశావా, ఎంత ప్రేమో."

"తీసేయండి."

"ఏవిటి?"

"ఒట్టు. ఇప్పుడే. డెబ్బై తొమ్మిది దిగిపోయింది."

"పోనీ డెబ్బై చేద్దామా?"

"ఆంటీ!"

"సరే, ఎనభై. ఇక్కడ ఎక్స్‌ప్రెస్‌వే మీద కార్లకే తొంభై బాబూ. వాటికి డోర్లుంటాయి."

"ఒట్టు తీసేస్తే మీకేమీ కాదు."

"నాకని ఎవరన్నారు? నాకేమయినా పరవాలేదు. దానికి?"

"ఆరేళ్ళ కష్టం ఆంటీ. మంచు లేని ఊళ్ళో, పార్కులో చక్రాల స్కేట్ల మీద మొదలుపెట్టింది. మోకాళ్ళకి మందు రాసింది మీరే కదా. ఫోన్ తనకిస్తున్నాను. మీ నోటితో మీరే చెప్పండి."

"...ఇవ్వు."

"అమ్మా."

"ఏవే తల్లీ, ముక్కు ఎర్రగా ఉందేం?"

"కోల్డ్ లా అమ్మా. ఇంకా ముగ్గురే ఉన్నారు. ఫాస్ట్‌గా చెప్పు."

"ఆ ఒట్టు తీసేస్తున్నాను. విన్నావా? తీసేశాను. ఎంత వేగంగా పోవాలో అంత వేగంగా పో. అంటే మరీ... కాదు కాదు, పో. నా తల గురించి ఆలోచించకు. కీర్తీ? ఏవిటా మొహం? సంతోషించవేం? సురేన్ బాబూ, బొమ్మ ఆగిపోయిందా?"

"లేదు ఆంటీ. కళ్ళు ఆర్పుతోంది."

"అమ్మా... మళ్ళీ పెట్టవా?"

"ఏవిటి?"

"ఆ ఒట్టు. మళ్ళీ పెట్టు, ప్లీజ్."

"నీకేమయినా పిచ్చా? దాని వల్లేగా నువ్వు ఆగిపోయింది!"

"స్కీకి మీటరు ఉండదమ్మా. అరవై అయిందో యాభై అయిందో నాకేం తెలుసు? నాలుగో గేటు దగ్గరికి వచ్చేసరికి చెవుల్లో గాలి హోరుమంటుంది. పక్కనున్న వల తప్ప ఇంకేం కనపడదు. అప్పుడు, అమ్మకి ఒట్టేశాను కదా అనుకుని పక్కకి వచ్చేస్తాను. అక్కడ నించుని మిగతావాళ్ళు దిగడం చూస్తూ ఏడుస్తాను. నువ్వు భయపెట్టావని నీ మీద కోపం తెచ్చుకుంటాను. ఒట్టు తీసేస్తే ఇంక ఎవరి మీద తెచ్చుకోను? భయం నాదే అయిపోతుంది."

"ఎనభై రెండు దిగింది. కీర్తిక, రెడీ అవ్వు."

"అమ్మా?"

"ఆంటీ, ఏదో ఒకటి చెప్పండి."

"అమ్మా, ఉన్నావా?"

"ఎనభై మూడు దిగింది. ఆంటీ, నలభై సెకన్లు."

"సురేన్, అమ్మ ఎప్పుడూ ఇంతసేపు మాట్లాడకుండా ఉండదు. బీపీ పెరిగిందేమో. పడిపోయిందేమో. పక్కింటి ఆంటీకి ఫోన్ చెయ్యి. అమ్మా!"

"పడిపోలేదు లా, కనపడుతున్నారు. తల మీద చెయ్యి పెట్టుకుని కూర్చున్నారు. ఆంటీ, ఇరవై సెకన్లు. ఫోన్ తీసేసుకుంటున్నాను."

"వద్దు, ఉంచు! అమ్మా, అమ్మా, అమ్మా..."

"పెట్టాను. చూడు, నా చెయ్యి నా తల మీదే ఉంది. కింద గీత దాటేదాకా ఎక్కడ ఆగినా నా మీద ఒట్టే. దారిలో స్టాపుల్లేవు, పో."