బావ గొంతున్న ఫోన్

ఫోన్ల రిపేరు షాపు. బల్లకి ఇవతల అక్క, అవతల తమ్ముడు. మధ్యలో విప్పేసిన ఫోన్.

“లోగో దగ్గరే ఆగిపోతోందన్నావు. ఇంకా అక్కడే ఉందా?”

“లేదక్కా. అది దాటింది.”

“ఆ ముక్క చెప్పడానికి నోరు రాలేదా? మూడు రోజులుగా చేస్తుంటే ఎత్తవు.”

“పనిలో పడి... టీ చెప్పనా?”

“ఏమీ వద్దు. ఆస్పత్రి వైపైనా రాలేదు నువ్వు. రేపు పొద్దున ఆరింటికి మీ బావకి ఆపరేషన్. స్వరపేటిక మొత్తం తీసేస్తారు. ఈ ఫోన్లో ఉన్న ఆయన రికార్డింగులు ఇస్తేనే కదా, రేపట్నుంచి ఆయన టైపు చేసింది యాప్ ఆయన గొంతుతో పలికేది.”

“తెలుసక్కా.”

“నలభై రోజులు కూర్చుని చదివాడురా. దగ్గుతూ, నీళ్ళు తాగుతూ. నన్ను కోపంగా పిలవడం కూడా రికార్డు చేశాడు. అది లేకపోతే నీకు తోచదే అని.”

“ఊఁ.”

“ఇంతకీ ఎలా దాటించావు?”

“బోర్డు మీద రెండు చుక్కలుంటాయి. పట్టకారుతో వాటిని కలిపి కేబుల్ పెడితే, చిప్పు కంపెనీ తాళం సంగతి పక్కనపెట్టి నా కంప్యూటర్ చెప్పింది వింటుంది. అక్కడిదాకా బాగానే చేశా.”

“అక్కడిదాకా అంటే?”

“అదే... సిస్టమ్ ఒక్కటే మార్చాలి. లోపలున్నవి ముట్టుకోకూడదు.”

“ముట్టుకున్నావా?”

“ఒక్క కప్పు టీ అక్కా...”

“ముట్టుకున్నావా అని అడుగుతున్నా.”

“రోజుకి పది ఫోన్లకి తాళం తీస్తా. తీసేముందు అన్నీ చెరిగిపోతాయి, సరేనా అని కంప్యూటర్ అడుగుతుంది. వచ్చేవాళ్ళకి చెరిగిపోయినా ఫర్వాలేదు, ఫోన్ నడిస్తే చాలు. నేను చదవను కూడా చదవను. దీనికీ అలాగే అడిగితే వేలు దానంతటదే నొక్కేసింది.”

“వేలు నొక్కిందా? నువ్వు కాదూ?”

“నేనే.”

“చెరిగినవి మళ్ళీ తీస్తారు కదా.”

“మూడు రోజులూ అదే పని. రావక్కా. అందుకే నీకు మొహం చూపించలేకపోయా.”

“బావమరిది బతకకోరతాడంటారు. ఎవడన్నాడో గానీ ఆ మాట.”

“తిట్టు. కొట్టు కూడా. కానీ రేపటిదాకా టైముంది. ఇదిగో, వేరే ఫోన్ సిద్ధం చేశా. ఆ యాప్ వాళ్ళనీ అడిగా, గంట చదివినా సరిపోతుందట. గొంతు బొంగురున్నా పర్లేదట. ఇప్పుడే పోయి బావ చేత చదివిద్దాం. లే అక్కా.”

“కూర్చో.”

“కాళ్ళు పట్టుకుంటా, లే.”

“కూర్చోరా. ఈ ఫోన్ నీకిచ్చి వెళ్ళిన రోజే ఆయనకి మాట పడిపోయింది. నోరు తెరిస్తే గాలే వస్తోంది. వాడి చేతిలో పడిందిగా, ఇంక బెంగలేదు అన్నాడు. అదే ఆఖరి మాట.”