మూత వెయ్యకముందు

1923, హాలీవుడ్. ఊరంతా పట్టుకున్న ఈజిప్టు సమాధుల పిచ్చిని వెక్కిరించే మూకీ హాస్యచిత్రమది. మమ్మీ వేషం కట్టబోతున్న తమ్ముడికి, స్టూడియో దుస్తుల గదిలో అక్క గుడ్డపీలికలు చుడుతోంది.

"కదలకురా! చుట్టిందంతా జారిపోతోంది."

"నన్ను పడుకోబెట్టే మమ్మీ పేటిక మూత ఎంతసేపు వేసి ఉంచుతారక్కా?"

"ప్రొఫెసరు వేషగాడు వచ్చి, సోఫా అనుకుని దానిమీద కూర్చునేదాకా."

"మూతకి గాలాడే చిల్లులు పెట్టారా?"

"పెట్టారు. ఎన్నిసార్లు అడుగుతావు? ముఖం మీదికి గుడ్డ తేగానే లాగేస్తున్నావు. ఫ్రాన్సు యుద్ధం నుంచి వచ్చాక నువ్వు తలుపేసుకుని పడుకోవడమే నేను చూడలేదు. అక్కడేమైందిరా?"

"కందకం కూలింది. తెల్లారేదాకా మట్టికిందే ఉన్నాను. పక్కవాడు కాసేపు మాట్లాడాడు. తర్వాత మాట్లాడలేదు."

"మరి ఈ వేషం ఎందుకు ఒప్పుకున్నావు?"

"ఇంకే వేషం ఇచ్చారు నాకు? డైరెక్టరుకి చెప్పావంటే రేపు గేటు దగ్గరే ఆపేస్తారు."

"విప్పు."

"అక్కా!"

"విప్పి నాకు చుట్టు. ఇద్దరిదీ ఒకటే ఎత్తు. స్టేజీ మీద నవ్వొచ్చేలా పడటం నీకు నేర్పింది నేనేగా."

"లోపల నీకేమైనా అయితే?"

"నాకేమవుతుంది? నువ్వు తలుపు బార్లా తీసుకుని ఇక్కడే ఉండు. నవ్వించింది నువ్వేననుకుంటారు."

అతను పీలికలు విప్పి, ముఖం కూడా కనబడకుండా ఆమెకు చుట్టాడు. ఆమె వెళ్ళింది. సెట్టు మీంచి నవ్వులు వినబడేదాకా అతను ఊపిరి బిగబట్టి నిలబడ్డాడు.