తొంభై డిగ్రీలు

గచ్చిబౌలిలో ఓ అపార్ట్‌మెంట్. సోఫాలో కూర్చున్న తల్లి పట్టేసిన భుజం దగ్గర, ఫిజియోథెరపీ చదివిన కూతురు రెండు పుల్లల ప్లాస్టిక్ స్కేలు ఆనించింది.

"ఏందే ఇది, బడిల లెక్కల డబ్బల ఉండేటిదేనా?"

"దానికి అక్క అనుకో. గోనియోమీటర్. గ్రీకుల గోనియా అంటే కోణం. కీలు ఎంతవరకు కదులుతుందో కొలుస్తది. చెయ్యి జర లేపమ్మా."

"ఇగ లేవదు బిడ్డా."

"తొంభై డిగ్రీలు! పోయిన నెల డెబ్బయ్యే ఉండె."

"నీకు జడెయ్యాలంటే ఎన్ని గావాలె?"

"నూట ఇరవయన్న గావాలె. ఫికర్ చెయ్యకు, రెండు నెలలల్ల వస్తది."

"రేపే గద దవాఖానల నీ మొదటి డ్యూటీ?"

"అవును. రబ్బరుబ్యాండు పెట్టుకొని పోత తియ్."

"దువ్వెన తెచ్చి నా కాళ్లకాడ కింద కూసో. నీ నెత్తి కిందికొస్తే, నాకు తొంభై సాలు."