ఇరవై తొమ్మిదో రోజు

హలో… ఆ, నేనే. చర్చి వంటగదిలో ఉన్నా, అందుకే ఈ కప్పుల చప్పుడు. ఎక్కడిదాకా వచ్చావు బావా?…

ఆగాగు, ముందు నేను చెప్పేది విను. హాలు నిండిపోయింది. కుర్చీలు చాలక సండే స్కూలు పిల్లల బల్లలు కూడా లాక్కొచ్చాం. మా హార్డ్‌వేర్ షాపుకొచ్చే మేస్త్రీలు, ప్లంబర్లు అందరూ వచ్చారు. పావుకిలో మేకులకి వచ్చినవాణ్ణి కూడా వదల్లేదు నేను. 'మా బావ తాగుడు మాని ఆదివారానికి తొంభై రోజులు, సాక్ష్యం చెప్తాడు, తప్పకుండా రావాలి' అని మేకులతో పాటు పొట్లం కట్టి మరీ పంపించా…

ఆ, వింటున్నా, వింటున్నా… లేదు, టైముంది. ఇంకా రెండు పాటలున్నాయి. తర్వాత పాస్టరుగారి ప్రార్థన. ఆయన సంగతి తెలుసుగా, ఆదికాండం దగ్గర మొదలెడతాడు. నువ్వు మెల్లిగా ముఖం కడుక్కుని వచ్చినా—

ఏంటీ?… రావా?

ఓరి నీ… భయం. అంతేగా? పెళ్ళిలో మా అక్క పక్కన నిలబడ్డప్పుడు కూడా ఇలాగే చెమటలు పట్టాయి నీకు. తువ్వాలు అందించింది నేనే… మూడే మూడు ముక్కలు చెప్పు, చాలు. అప్పుడెలా ఉన్నాను, ప్రభువేం చేశాడు, ఇప్పుడెలా ఉన్నాను. కౌంటర్ మీద సరుకు చూపించినట్టే. పాత తాళం చూపించు, కొత్త తాళం చూపించు, ఊరుకో. ఎక్కువ మాట్లాడితే కొనేవాడికి అనుమానం వస్తుంది…

బావా?…

ఆ చప్పుడేంటి?… ఏదో తిరిగి ఆగింది… ఇదిగో, మళ్ళీ… లిఫ్టు మోటారా అది? ఆదివారం పూట నీకు డ్యూటీ ఏంటి?…

డ్యూటీ కాదా. మరి మిషన్ గదిలో ఏం చేస్తున్నావు?… మేడ మీద, ఒక్కడివీ… బావా, నువ్వు— … కాదు కదా?… పిల్లల మీద ఒట్టు?… సరే. సరే. అడిగానంతే. పిట్టగోడ గుర్తొచ్చింది.

ఏ బిల్డింగు?… చెప్పవా. పదిహేను లిఫ్టులు నీ చేతి కింద, పదిహేను గదుల తాళాలూ నీ జేబులో. ఒక్కొక్కటీ ఎక్కి దిగేసరికి నాకు పొద్దుగూకుతుంది.

ఏమైంది?… చెప్పు, నేనేం అననులే.

…

ఎప్పుడు?

… అరవై ఒకటో రోజా? అంటే… అది నెల కిందటి మాట. నెల కిందటే తాగావా?

… ఒక్క రోజే. … మర్నాటి నుంచి మళ్ళీ ఒకటి, రెండు, మూడు… అంటే ఇవాళ్టికి ఇరవై తొమ్మిది. తొంభై కాదు. ఇరవై తొమ్మిది.

బ్యానరు మీద తొంభై అని రాయించా బావా. అంకె మూడడుగులుండాలని కొలతలిచ్చి మరీ రాయించా.

ఎవరెవరికి తెలుసు?… మీ గదిలో అందరికీనా? ఎనిమిదిమందికీ?… శుక్రవారం కూటంలో తాగుడువాళ్ళకో గది, పేకాటవాళ్ళకో గది. మధ్యలో అరంగుళం ప్లైవుడ్డు. ఆ ప్లైవుడ్డు నా షాపుదే, బిగించిందీ నేనే. అటుపక్క ఎనిమిదిమందికీ తెలుసు, ఇటుపక్క నాకు తెలీదు!…

తెలుసయ్యా, గదిలో మాట గడప దాటకూడదు. రూలు నాకు చెప్పకు, నాలుగేళ్ళుగా వస్తున్నా… దర్జీ మాస్టారికీ తెలుసా?… తెలియకేం, కూటం నడిపేదే ఆయన… అందుకా! మూడుసార్లు అన్నాడు నాతో, 'తొందరెందుకు, ఇంకాస్త ఆగుదాం' అని. గుండీ కుట్టడానికి వారం తీసుకునే మనిషి, సాక్ష్యానికి కూడా ట్రయలు చూడాలంటాడేమిట్రా అనుకున్నా. ముఖం మీదే అన్నా కూడా, 'మాస్టారూ, కత్తెర మీది, క్యాలెండరు నాది' అని. నవ్వి ఊరుకున్నాడు. ఒక్క ముక్క చెప్పొచ్చుగా!… ఆ. చెప్పకూడదు. అవును.

సరే, అయిందేదో అయింది. ఇప్పుడేం చేద్దాం? విను, కోప్పడకు. నువ్వు వచ్చెయ్. వచ్చి మామూలుగానే చెప్పు. తొంభై అనకు, 'ఇన్నాళ్ళుగా' అను. అబద్ధం కాదు కదా అది? పెట్టెలో ఒక్క మేకు వంకరైతే పెట్టె మొత్తం వెనక్కి పంపిస్తామా? అరవై మంచివి, ఒకటి వంకర, ఇరవై తొమ్మిది మంచివి. అన్నీ కలిపితే తొంభై అయిందిగా!…

నవ్వకు. అక్క రెండో వరసలో కూర్చుని ఉంది బావా. అప్పుడు పెట్టె సర్దుకుని, పిల్లల్ని తీసుకుని మా ఇంటికొచ్చేసింది, గుర్తుందా? 'తొంభై రోజులు చూడక్కా, మనిషికి నేను గ్యారంటీ' అని చెప్పి వెనక్కి తెచ్చి దింపింది నేనే. ఇవాళ నువ్వు రాకపోతే దానికేం చెప్పను? నిలబడి బ్యానరు మడవనా?…

బావా?… ఉన్నావా?

— ఏంటక్కా?… బావే. దార్లో ఉన్నాడు. … బండి ట్రబులిచ్చిందట. వచ్చేస్తాడు, నువ్వెళ్ళి కూర్చో. … నీలం చీర బావుందిలే, వెళ్ళు.

… విన్నావా. … అవును, అబద్ధమే. మరేం చెప్పమంటావు?…

ఏంటది? గాజు చప్పుడు. … నీ దగ్గరుందా? … మూత తీశావా?… సీలు అలాగే ఉందా? చూసి చెప్పు. … అమ్మయ్య. స్తోత్రం ప్రభువా. … దాన్ని తీసుకెళ్ళి గది బయట పెట్టు. … లేవలేవా. … తెలుసు. పారెయ్యమని అననులే. పేక ముక్కల ముందు కూర్చుంటే నా కాళ్ళూ అలాగే ఉండేవి, మేకులు కొట్టినట్టు.

అయినా ఫోన్ చేశావు కదా. అదీ పద్ధతి. మూత తియ్యకముందు కూటంలో ఇచ్చిన తోడుకి ఫోన్ చెయ్యాలి, చేశావు. మరి అరవై ఒకటో రోజు ఎందుకు చెయ్యలేదు? నీ తోడుని నేనే కదా? అర్ధరాత్రైనా ఎత్తుతానన్నానా లేదా?…

ఎన్నిసార్లు తీశావు ఫోను?… పదకొండుసార్లా. … నా పేరు చూసి, మళ్ళీ జేబులో పెట్టేశావా? ఎందుకు? నేనేం చేశానని?

… ఎప్పుడు?… ఆ, నలభయ్యో రోజు. మందుకి నోరు పీకుతోందని చెప్పావు. గుర్తుంది. గంటసేపు మాట్లాడా నీతో, ప్రార్థన కూడా చేశా— …

ఆ. అక్కకి చెప్పా.

… మంచికే చెప్పా బావా. కాస్త కనిపెట్టుకుని ఉంటుందని…

చొక్కాలు వాసన చూసేదా?… రోజూనా?… టూల్ బ్యాగు కూడా బోర్లించి… గుమ్మంలో నిలబెట్టి నోరు తెరవమందా? పిల్లల ముందు?… నాకు చెప్పలేదేం? … నాకు చెప్తే మళ్ళీ దానికి చెప్తానని. … ఆ.

మాస్టారు మొదట్లోనే అన్నారు, చుట్టం తోడుగా పనికిరాడు అని. కూటంలో ఎవరికీ సొంతవాళ్ళని ఇవ్వరు. నేనే పట్టుబట్టా. మా బావకి బయటివాడెందుకండీ, మా అక్క కాపురం, నాకున్నంత పట్టింపు ఎవడికుంటుంది అన్నా. … ఆ పట్టింపే. అవును. … కొనేవాడి చేతికి తక్కెడ ఇవ్వకూడదు. షాపులో తెలుసు నాకా సంగతి. ఇక్కడ తెలీలేదు.

…

బావా, ఒకటి చెప్తా. ఎవరికీ చెప్పలేదు ఇంతవరకూ. నాలుగేళ్ళుగా పేక ముట్టలేదని అందరికీ చెప్తా కదా… మొదటి ఏడు, ఐదో నెలలో, ఒక్క ఆట. నిలబడే ఆడా. కూర్చోలేదు కాబట్టి లెక్కలోకి రాదనుకున్నా. … లేదు, అంకె మార్చలేదు. దాని మీదే నడిచొస్తున్నా ఇన్నాళ్ళూ. … మా గదిలోనా? మా గదిలో కూడా చెప్పలేదు. నువ్వు నయం, నీ ఎనిమిదిమందికైనా చెప్పుకున్నావు.

… ఎందుకు చెప్తున్నానా? నిన్ను రప్పించడానికి బేరమా అంటావా?… ఏమో బావా. అయుండొచ్చు. బేరం కాని మాట ఎలా మాట్లాడాలో నాకు రాదు. ఆడింది మాత్రం నిజం.

ఇప్పుడేం చెయ్యమంటావో నువ్వే చెప్పు. నేనొస్తా. … వద్దా. … పాస్టరుగారిని పంపనా?… పోనీ అక్క— … వద్దులే, వద్దులే. అనలేదనుకో. మరెవరు?

… మాస్టారా?… ఆయనకే చేశావా ముందు? … స్విచాఫ్. అవును మరి, ఫోన్లన్నీ ఆపించి గుమ్మం దగ్గర బుట్టలో వేయించాం. శుక్రవారం అలవాటేగా, ఇవాళ బుట్ట పట్టుకుని నిలబడింది నేనే. నాదొక్కటే వెయ్యలేదు, నీకోసమని…

అంటే… నాకు చేసింది ఆయన్ని పిలవమనడానికా?

… మొదట్లో అదే చెప్పబోయావా. … నేను చెప్పనివ్వలేదు.

సీసా ఎదురుగా పెట్టుకుని పావుగంట నా మేకుల కథ విన్నావు బావా.

ఉండు, వెళ్తున్నా. పెట్టెయ్యకు. ఈ ఫోనే తీసుకెళ్ళి ఆయన చేతికి— … దీన్లో వద్దా?… ఇది మా అక్క తమ్ముడి ఫోనంటావు. నిజమే. సరే, ఆయనదే వెతుకుతా.

— జరగమ్మా… కాస్త దారివ్వండి… ఆ, వస్తున్నాడండీ, దార్లో— … కాదండీ. తెలీదు. కాస్త జరగండి…

బుట్ట దొరికింది బావా. యాభై ఉన్నాయి, అన్నీ నల్లవే. ఆయనది ఎలా ఉంటుంది?… చుట్టూ తెల్ల దారమా?… ఇదిగో, ఉంది. వెనక మూత ఊడకుండా దారం చుట్టుకున్నాడు, దర్జీ అనిపించుకున్నాడు. ఆన్ చేస్తున్నా. … తిరుగుతోంది ఇంకా. … తిరుగుతోంది. … ఏం ఫోనయ్యా ఇది!… ఆ, వచ్చింది.

— మాస్టారూ… ఇటు, ఇటు. ఒక్కసారి బయటికి రండి. … బావ. సీసా ఉంది, మూత తియ్యలేదు. … నాకు తెలిసిపోయింది, అవన్నీ తర్వాత తిట్టండి. ఇదిగో మీ ఫోను. … ఎక్కడున్నాడో చెప్పట్లేదు. మీకైతే చెప్తాడేమో.

బావా, ఇచ్చేశా. మెట్ల మీద కూర్చున్నాడు, ఫోను రెండు చేతుల్తో పట్టుకుని. ఆయన్నే చెయ్యమననా?… నువ్వే చెయ్యాలంటున్నాడు. ఆయన చేస్తే నువ్వు ఎత్తవట, అరిచి పిలిస్తే వచ్చే రకం కాదట నువ్వు. … నన్ను లోపలికి పొమ్మని చెయ్యి ఊపుతున్నాడు.

… వినను. ఒట్టు. … నా ఒట్టు ఏపాటిదో నీకు తెలుసు, అయినా వేస్తున్నా. మీరేం మాట్లాడుకున్నారో అడగను. రేపూ అడగను.

— అక్కా… … ట్రబులు కాదు. బండీ లేదు ఏమీ లేదు, ఇందాక అబద్ధం చెప్పా. … నాకు తెలీదక్కా. … ఫోనివ్వను. … ఇవ్వనన్నానా! చెయ్యి తియ్యి. … ఏడవకు, అందరూ చూస్తున్నారు… చూస్తే చూడనీలే. ఏడువు. ఇక్కడ కూర్చుని ఏడువు.

బావా, ఉన్నావా?… అదే. విన్నావుగా. … లేదు, నీ మీద కోపం కాదు. ఏమో, నాకేం తెలుసు దాని కోపం. దానికేం చెప్పాలో నువ్వు చెప్పుకో, ఇక నేను మధ్యలో ఉండను.

పాటలు అయిపోయాయి. పాస్టరుగారు మొదలెట్టాడు. …

నేను పెట్టేస్తే నువ్వు ఆయనకి చేస్తావు కదా?… చేస్తానని ఒక్క మాట అను. … 'చూస్తా' ఏంటి బావా? నా షాపులో 'చూస్తా' అని వెళ్ళినవాడు ఒక్కడూ మళ్ళీ రాలేదు. …

సరే. సరే, అడగను.

నేను లైన్లో ఉన్నంతసేపూ నువ్వు మూత తియ్యవు, అదీ నా ఆశ. అందుకే ఇలా వాగుతున్నా. … తెలుసు. నేను లైన్లో ఉన్నంతసేపూ ఆయనకి చెయ్యలేవు. తెలుసులే.

మెట్ల మీంచి చూస్తున్నాడు. ఇంకా పెట్టలేదా అన్నట్టు.

నువ్వు పెట్టు. … నేనే పెట్టాలా?

… పెడుతున్నా. … బావా— …

ఏం లేదు. పెడుతున్నా.