జీపు దిగని విచారణ

వచ్చినంత వేగంగా జారుకుందామని జీపు దగ్గరికి పరుగెత్తిన ఎమ్మార్వోకి నాలుగు చక్రాలూ గాలి పోయి ఇసుకలో కూలబడి కనిపించాయి. వెనకాల, తాగునీళ్ల కోసం హైకోర్టుకెక్కిన పల్లె జనమంతా ఉన్నారు. తనవాడంటూ డ్రైవరు సూర్యం ఒక్కడే.

“ఎవడి పనిరా ఇది? నన్ను కొడతారంటావా?”

“కొట్టరు సార్. కుర్సీ ఏసినారు, కొబ్బరిబొండాం కొట్టినారు. మీరే కూకోనేదు.”

“పోయినసారి వీళ్ల గోల విన్నాను కదా!”

“విన్నారు సార్. జీపు దిగకండా, ఇంజిను ఆపకండా విన్నారు. ఆ సప్పుడికి నాకే ఏటీ వినబడనేదు.”

“విన్నామని కోర్టుకి రాశాం కూడా.”

“అందుకే కదా సార్, ఈపాలి నాయంగా వినమని మొట్టికాయేసినారు.”

“సరే, గాలి పంపు ఎప్పుడొస్తుంది?”

“పలాస నుంచి రావాల. సాయంత్రమైపోద్ది. ఈలోగా ఆళ్ల బోరు నీళ్లు ఓ గుక్క తాగండి.”

“థూ! ఇది సముద్రంరా!”

“ఈళ్లు రోజూ తాగేది అదే సార్.”

ఎమ్మార్వో మూతి తుడుచుకుని గ్లాసు దూరంగా పెట్టాడు.

“ముందు ఆ గాలి తీసినవాడెవడో చెప్పు. లోపలేయిస్తాను.”

“ఏయించండి సార్. నేనే తీసినాను. మా అత్తోరిది ఈ ఊరే. పోయినపాలి ఇంజిను ఆపనేదని మా ఆడది నాతో మాటాడ్డం మానేసింది. ఎల్లి కూకోండి. ఆళ్లు సెప్పింది పూర్తిగా ఇన్నారంటే సిటికెలో బయల్దేరిపోదాం. పంపు నా సీటు కిందే ఉన్నాది.”