రాజనర్సన్న తవ్విన సముద్రపు బల్లి

శుక్రవారం సాయంత్రం, ఈ అరబ్బు దేశంల, ఉమ్ ఘువైలినా గల్లీల చాయ్ దుకాణం ముంగట కూసున్నం. రాజనర్సన్న నోరు తెరిస్తే ఆపేటోడు లేడు. గజేందర్ మాత్రం నవ్వే తీరుల లేడు. ఎల్లుండే వాని బిడ్డకు తొట్టెల. ఇంటికి పోదామంటే చుట్టీ లేదు. వరల్డ్ కప్ స్టేడియం రోడ్డు పనిల తవ్వే మిషన్ బకెట్ తగిలి ఏదో పాతకాలపు జీవి బొక్కలు ఇరిగినయి. ఆ పొద్దు మిషన్ మీద ఎవడున్నడో ఎక్కడ రాసిలేదు, నడిపినోడు ఒప్పుకునేదాక ముగ్గురు ఆపరేటర్లకు చుట్టీ బంద్, ఎవ్వడు ఊరికి పోవద్దన్నది కంపెనీ. రాజనర్సన్న ఒకడు, గజేందర్ ఒకడు, మూడోడు బీహారోడు.

"నేనైతే పక్కన నిలబడి చూసిన తమ్మీ," అని మొదలువెట్టిండు రాజనర్సన్న. "మట్టిల తెల్లగ ఏందో మెరిసింది. వంగి చూస్తే పన్ను. బొటనవేలంత. బొక్కలు చూడనొచ్చిన మ్యూజియం సారు ఏమన్నడెర్కేనా? కోట్ల ఏండ్ల కింద ఈడంత సముద్రమేనట, అండ్ల తిరిగిన బల్లిదట. ఇప్పుడు దాని జాతే లేదట. దునియాల ఎక్కడ తవ్వినా నాలుగు ముక్కలే దొరుకుతయట, అండ్లకెల్లే దాని కథంత అల్లుకున్నరట."

"నీ కథలకు నాలుగు ముక్కలు గూడ అక్కర్లేదు గదనే," అన్నడు మా రూముల ఉండే జహాంగీర్.

గజేందర్ చాయ్ ఊదుకుంట అన్నడు, "అయినా అన్నా, ఆ పన్ను తీసింది బీహారోడట గదా. వాని చెయ్యి మస్తు సాఫని క్యాంపంత అనుకుంటున్నరు."

రాజనర్సన్న గ్లాసు టక్కున కింద పెట్టిండు.

"ఎవడన్నడు? ఆనికి బకెట్ ఎత్తుడు రాదు, దించుడు రాదు! మంగళారం పొద్దుగాల నాలుగో నంబరు మిషన్ మీద ఎవడున్నడు? నేను! ఒక్క వేటు, పన్ను లేచింది. పన్నంటే బొటనవేలు గాదు, మోచెయ్యంత. ఇంకో వేటు, దవడ. దవడ ఎంతున్నదంటవ్? అండ్ల మన క్యాంపు బస్సు రివర్స్ తీసుకోవచ్చు. ఆ తర్వాత ఏమైందో తెలుసా?"

"బస్సుకు చలాన్ రాసిండ్రా?" అన్నడు జహాంగీర్.

"నవ్వు, నవ్వు. తలకాయ మా సైటు కాడ, తోక ఊరి అవతల ముఐథర్ల! వీపు మీద బకెట్ ఆనించంగనే కన్ను తెరిసింది. 'యల్లా, పండుకో' అన్న. ఇంటదా? మిషన్‌తోని సహా నన్ను భూమిలకెల్లి గుంజుకపోయింది, ఐన్ ఖాలిద్ దాక! ఇయ్యాల మెట్రో రైలు నడుస్తలేదా, ఆ సొరంగం ఎవని పుణ్యమనుకున్నరు?"

"మెట్రోకు పెద్ద పెద్ద మిషన్లు ఉత్తగనే తెచ్చిండ్రన్నట్టు," అన్న నేను.

"బయటికి వచ్చేవరకు సూటు సార్లు లైను కట్టిండ్రు. 'రాజనర్సు భాయ్, దీన్ని లోపటికి పంపుతవా, వరల్డ్ కప్ బంద్ పెట్టుమంటవా' అని నా చేతులు పట్టుకున్నరు. నాకు జాలేసింది. పోనీ, ఆడుకోనీ పోరగాండ్లు అని దాని మెడ మీద ఒక్కటిచ్చిన. పిల్లి లెక్క లోపటికి పోయింది."

మేము కడుపు పట్టుకొని నవ్వినం. గజేందర్ నవ్వలే.

"అన్నా, మ్యూజియం సారు ఇంకో మాట గూడ అన్నడు. గిన్నేండ్లకు పూరాగ దొరికింది ఇదొక్కటేనట. కోట్ల ఏండ్లు సల్లగ పండుకున్నదట. ముక్కలైంది మంగళారం పొద్దుగాలనేనట. బొక్కల మీద బకెట్ ఇనుప పండ్ల గాట్లున్నయట."

మా నవ్వు ఆగింది.

"ఏ, కథరా తమ్మీ! మీరు నవ్వుతరని చెప్పిన."

"నా బిడ్డ పుట్టి పందొమ్మిది దినాలు. ఫోన్‌ల తప్ప మొఖం చూడలే. కథే గానీ, ఎక్కడిదాక కథ? కన్ను తెరిసింది కథ. సొరంగం కథ. మిషన్ మీద ఉన్నదెవరు?"

రాజనర్సన్న ఖాళీ గ్లాసును పక్కకు జరిపిండు.

"ఒక్కటే వేటు తమ్మీ. మెల్లగనే వేసిన."

గజేందర్ ఫోన్ తీసి, ఇంజనీరు సారుకు కలిపి ఆయన చేతిల పెట్టిండు.

"గీ ఒక్క మాట చెప్పు. మెట్రో ముచ్చట మాత్రం తియ్యకు."